‘బెంగగా ఉన్నది’ అనే బస్‌స్టాపు

ఇరవై ఏడేళ్ళ ఉద్యోగంలో నా ఒళ్ళు మండించిన మాట ఒకటే: “డబ్బింగ్‌లో సరిపోతుందిలెండి.” నటుడికి డైలాగు రాకపోతే డబ్బింగ్‌లో సరిపోతుంది. షూటింగు జరుగుతుంటే పక్క వీధిలో పెళ్ళిమేళం మోగినా డబ్బింగ్‌లో సరిపోతుంది. ఆ సీను ఎందుకు తీస్తున్నాడో దర్శకుడికే తెలియకపోయినా సరే, డబ్బింగ్‌లో సరిపోతుంది. అందరూ చేతులు దులుపుకుని వెళ్ళిపోయాక ఆ సరిపెట్టే మనిషి ఒకరుండాలి కదా. బెంగళూరులో తెలుగు సినిమాలకు ఆ మనిషిని నేను.

ఈ పనిలోకి కొత్తగా వస్తున్న పిల్లలు అప్పుడప్పుడూ ఫోన్ చేసి, “మేడమ్, మీ అనుభవంతో ఒక సలహా చెప్పండి” అంటారు. సలహాలు నా దగ్గర లేవు నాయనా. నేను సరిదిద్దుకోలేని తప్పు ఒకటుంది. కావాలంటే అది వినండి.

ముందుగా మా పనేమిటో రెండు ముక్కల్లో. తెర మీద నటుడి పెదాలు కదులుతుంటాయి. మైకు ముందు నిలబడ్డ మనిషి మాట ఆ పెదాల మీద సరిగ్గా కూర్చోవాలి. ప, బ, మ అనేవి పెదాలు కలిస్తేగానీ పలకని అక్షరాలు. తెర మీద పెదాలు మూసుకున్నచోట మనం రాసిన మాటలోనూ అవి మూసుకోవాలి. మిగతా తేడాలన్నీ ప్రేక్షకుడు క్షమిస్తాడు, అది మాత్రం క్షమించడు. డబ్బింగ్ ఇన్‌ఛార్జ్ అంటే రోజంతా మనుషుల మూతులు చూసే ఉద్యోగం. ఇంట్లో మా ఆయన మాట్లాడుతున్నా నా చూపు ఆయన మూతి మీదే ఉండేది. ఏం చెప్పారో మాత్రం వినేదాన్ని కాదని ఆయన ఫిర్యాదు.

తొంభైల చివర్లో మా స్టూడియోకు ఒక సినిమా వచ్చింది. హొసకోటె దగ్గర ఏదో ఫ్యాక్టరీ ఉన్న పెద్దమనిషి నిర్మాత. దర్శకుడు హైదరాబాదు నుంచి వచ్చాడు. సినిమా మొత్తం బెంగళూరు చుట్టుపక్కలే తీశారు. అందులో హీరోకు ఒక అన్నయ్య ఉంటాడు. సంగీతం పిచ్చితో ఇల్లు వదిలిపోయి, చివరికి ఆసుపత్రిలో తల్లి మంచం దగ్గరికి తిరిగొస్తాడు. ఆ వేషానికి దర్శకుడు నిజం రాక్ గాయకుణ్ణే పట్టుకొచ్చాడు.

ఆ గాయకుడు అప్పటికి పదేళ్ళుగా ఊళ్ళో ఇంగ్లీషు పాటలు పాడుతున్నాడు. కాలేజీ ఉత్సవాల్లో అతని బ్యాండు ఉందంటే గోడలెక్కి మరీ చూసేవాళ్ళు. రెండు వ్యాపార ప్రకటనల్లో జుట్టు విదిలిస్తూ కనిపించాడు, ఒక కన్నడ సీరియల్లో మోటార్ సైకిల్ మీద మాటల్లేకుండా నాలుగు వారాలు తిరిగాడు. ఇల్లు కాడుగోడిలో. చర్చి కొయిర్‌లో పాడుతూ పెరిగిన పిల్లాడు. అనంతపురం వైపు నుంచి ఎప్పుడో వచ్చి స్థిరపడిన కుటుంబం, తల్లి ఆసుపత్రిలో నర్సు. ఇవన్నీ నాకు తర్వాత తెలిశాయి. మొదటిరోజు తెలిసింది ఒకటే, పది గంటలకు రమ్మంటే పన్నెండున్నరకు వచ్చాడని.

“సారీ మేడమ్. టిన్ ఫ్యాక్టరీ తావ ఒకటే ట్రాఫిక్ ఉండె. కదల్లేదు.”

“రెండున్నర గంటలా?”

“అర్ధగంట మేడమ్. మిగిలింది లేటుగా లేచినా.”

ఇలా నిజం చెప్పేవాణ్ణి తిట్టడం కూడా కష్టమే. లోపలికి పంపాను. తోలు జాకెట్టు వేసుకొచ్చాడు, చెయ్యి కదిలిస్తే కిర్రుమంటోంది. తీయించాను. మెడలో మూడు గొలుసులు, అవీ తీయించాను. ఉంగరాలు ఒకదానికొకటి తగిలి టిక్కుటిక్కుమంటుంటే వాటినీ ఒక గిన్నెలో వేయించాను. మాట్లాడేటప్పుడు కాలితో తాళం వేస్తున్నాడని బూట్లు విప్పించాను. అంతా అయ్యేసరికి మైకు ముందు బనీనుతో, వట్టి కాళ్ళతో ఒక బక్కపల్చటి మనిషి మిగిలాడు. గోడలెక్కి చూసేది ఇతన్నేనా అనిపించింది.

మొదటి డైలాగు: “నాన్నా, నేను వెళ్తున్నాను.” మూడే మాటలు. అతను కళ్ళు మూసుకుని, మైకును రెండు చేతులా పట్టుకుని “నాన్నాఆఆ” అని ఎత్తుకున్నాడు. హెడ్‌ఫోన్లు పెట్టుకున్న మా ఇంజనీరు కుర్చీలోంచి ఎగిరిపడ్డాడు. ఆయన కన్నడిగుడు, ఎంతో శాంతమూర్తి. హెడ్‌ఫోన్లు తీసి చెవులు రుద్దుకుంటూ, “గొంతు బాగుంది, చెన్నాగిదె మేడమ్. కానీ నాన్న పక్కనే ఉన్నాడు కదా, అంత దూరం ఎందుకు పిలవాలి?” అన్నాడు.

సరే, అరుపు తగ్గించాం. రాగం తగ్గించాం. అప్పుడు బయటపడింది అసలు సంగతి. ఎలా చెప్పినా మాట పెదాల మీద కూర్చోవడం లేదు. తెర మీద అతని మూతి ఏదో అంటోంది, నా చేతిలోని కాగితం ఇంకేదో అంటోంది. ఎక్కడా పొంతన లేదు. సెట్‌లో రికార్డు చేసిన శబ్దం వేసి విందామంటే దాని నిండా జనరేటర్ హోరు. పావుగంట చూసి, బొమ్మ ఆపించి అడిగాను.

“ఏంటప్పా ఇది? సెట్‌లో ఏం మాట్లాడావు నువ్వు?”

అతను తల గోక్కున్నాడు. “బస్‌స్టాప్‌లు మేడమ్.”

“ఏంటీ?”

“డైలాగ్ మర్చిపోతాంటి. అసోసియేట్ డైరెక్టర్ సార్ చెప్పినాడు, ఏమైనా అను, డబ్బింగ్‌లో సరిపోతాది అని. ముంబై హీరోయిన్లు వన్ టూ త్రీ అంటారంట గదా? నేనూ అట్లే అంటి. మొకంలో ఫీల్ రాలేదని డైరెక్టర్ సార్ అరిచినాడు. అందుకని మా బస్సు రూట్ చెప్పినా. కాడుగోడి, హూడి, మహదేవపుర, టిన్ ఫ్యాక్టరీ, బెన్నిగానహళ్ళి… దాంట్లో ఒక రిథమ్ ఉండాది మేడమ్. ఫీల్ వచ్చేసింది. అందరూ చప్పట్లు కొట్టినారు.”

నేను కాగితాలు బల్ల మీద పడేశాను. ఇంజనీరు మాత్రం ఆసక్తిగా, “హలసూరు కూడా చెప్పారా?” అని అడిగాడు. చెప్పాడట. హీరోయిన్‌తో తగువు సీనులో.

ఆ తర్వాత రెండు రోజులు నేను పడ్డ పాట్లు పగవాళ్ళకు కూడా వద్దు. కథలో అన్నయ్య తండ్రితో గొడవపడాలి, తెర మీద పెదాలు సిటీ బస్సులో వెళ్తుంటాయి. కాగితం, పెన్సిలు పట్టుకుని ఒక్కొక్క స్టాపూ దిగుతూ డైలాగులు మళ్ళీ రాశాను. ‘బెన్నిగానహళ్ళి’ని ‘బెంగగా ఉన్నది’ చేశాను. అచ్చు గుద్దినట్టు సరిపోయింది, కావాలంటే అద్దం ముందు అని చూసుకోండి. ‘టిన్ ఫ్యాక్టరీ’ ‘నిను వీడను’ అయింది. ‘మహదేవపుర’ దగ్గర మాత్రం ఒక పూటంతా పోయింది. చివరికి ‘మరి దేవుడా, పోనా?’ అని కుదిరింది. ఆ సాయంత్రం నా తెలివికి నేనే మురిసిపోయాను. చిరాకులోంచి పుట్టే గర్వమొకటి ఉంటుంది, దాని దగ్గర జాగ్రత్తగా ఉండాలి పిల్లలూ.

పెదాలు సరిపోయాయి కదా అనుకుంటే, మూడోరోజు దర్శకుడు వచ్చి విన్నాడు. విని మొహం చిట్లించాడు.

“ఇదేం తెలుగండీ? హైదరాబాదులో పుట్టి పెరిగిన అన్నయ్య ‘ఉండాది’ అంటాడా? ‘చెప్పినా’ అంటాడా? తమ్ముడొక యాస, అన్నయ్యొక యాసా? హాల్లో జనం నవ్వుతారు.”

నా కాగితంలో ‘ఉన్నది’ అనే ఉంది. అతని నోట్లో అది ‘ఉండాది’ అవుతోంది. నాకు వినిపించలేదా అంటే వినిపించింది. ఎందుకు పట్టుకోలేదో చెప్పాలంటే నా సంగతి కాస్త చెప్పాలి. నేను పుట్టింది బెంగళూరులోనే, మిల్లు కార్మికుల లైన్లలో. మా ఇంట్లోనూ ‘ఉండాది’, ‘పోతాండా’, ‘ఏమప్పా’. ఇరవయ్యో ఏట మద్రాసులో డబ్బింగ్ చెప్పడానికి వెళ్తే, మొదటిరోజే నా నోట్లోంచి ‘ఉండాది’ వచ్చి స్టూడియో అంతా గొల్లుమంది. ఆరు నెలలు వార్తలు గట్టిగా చదివి నోరు కడుక్కున్నాను. మళ్ళీ ఈ ఊరికి తిరిగొచ్చాక కూడా ఆ మాట దగ్గరికి పోలేదు. కాబట్టి అతను ‘ఉండాది’ అన్నప్పుడు నా చెవికి అది తప్పులా తోచలేదు, మా వంటింట్లోంచి వచ్చినట్టే తోచింది. దర్శకుడు అన్నాక సిగ్గేసింది. ఆ సిగ్గు కోపమై అతని మీదికే మళ్ళింది.

“వారం టైమిస్తాను,” అన్నాడు దర్శకుడు. “కుదరకపోతే మద్రాసులో మంచి ఆర్టిస్టు ఉన్నాడు, ఆయన చేత చెప్పిద్దాం.”

ఆ మాటకు గాయకుడి మొహం పాలిపోయింది. దర్శకుడు వెళ్ళాక నా దగ్గరకొచ్చి కూర్చున్నాడు.

“గొంతు మార్చేస్తారా మేడమ్? నాకుండేది అదొకటే.”

“నేర్చుకో మరి.”

“మా అమ్మకు ఇంగ్లీష్ పాటలు తెలీదు. పదేండ్లయింది నేను పాడబట్టి. ఒక్క షోకి వచ్చింది, చివరిదాకా కూర్చునింది, ఇంటికొచ్చి ‘బాగుండాది, ఎవుర్ని తిడతాండావురా?’ అనింది.” నవ్వాడు గానీ నవ్వు నిలవలేదు. “ఇది తెలుగు సినిమా అంటే ఎంత సంతోషమో. ఒక్కతూరన్నా నువ్వు మన మాట మాట్లాడేది పెద్ద తెరమీద వింటా అంటాండాది. వార్డులో అందరికీ చెప్పేసింది మేడమ్.”

ఆ వారం రోజులూ నేను అతనికి తెలుగు నేర్పాను. ఈసారి సమయానికే వచ్చాడు, అదొక ఆశ్చర్యం. ‘ఉన్నది’ అను. ఉన్నది. ‘చెప్పాను’ అను. చెప్పాను. ‘వెళ్తున్నాను’ అను. పోతాండా… కాదు, వెళ్తున్నాను. నాలుగోరోజుకు తప్పుల్లేకుండా వచ్చింది. రికార్డు చేసి వింటే మాట శుద్ధంగా ఉంది, మనిషి మాత్రం అందులో లేడు. రైల్వే స్టేషన్లో రైలు ఆలస్యమని చెప్పే గొంతులా ఉంది. మర్చిపోయి అతని పద్ధతిలో అన్న టేకు ఒకటి ఉండిపోతే, అది విని మా ఇంజనీరు, “ఇదే బాగుంది మేడమ్. మాట సంగతి నాకు గొత్తిల్ల, దీంట్లో మనిషున్నాడు” అన్నాడు. ఆయన అన్నది నిజమని నాకు తెలుసు. దర్శకుడు ఒప్పుకోడనీ తెలుసు. రెండూ తెలిసి, కష్టమంతా నాకే ఎందుకొచ్చిందని అందరి మీదా విసుక్కున్నాను.

ఆఖరి రోజున ఆసుపత్రి సీను మిగిలింది. తల్లి స్పృహ లేకుండా పడుకుని ఉంటుంది. అన్నయ్య మంచం పక్కన వంగి, ఆమె చెవి దగ్గర నాలుగు ముక్కలు మాట్లాడతాడు. స్క్రిప్టులో క్షమాపణలతో అరపేజీ డైలాగుంది, తెర మీద అతను మాట్లాడింది ఊపిరి తీసుకునేంతసేపే. ఆ రోజు సెట్‌లో రికార్డరు పనిచేయలేదట, శబ్దం అసలే లేదు. ఉత్త మూగబొమ్మ.

“ఇది ఏ రూటు బస్సు?” అన్నాను.

“లేదు మేడమ్. దీంట్లో బస్‌స్టాప్ చెప్పలే. నిజంగా మాట్లాడినా.”

“ఏం మాట్లాడావు?”

“గుర్తు లేదు. ఆ మంచం, ఆ దుప్పటి చూస్తానే ఏదో వచ్చేసింది. టేక్ అయినాంక డైరెక్టర్ సార్ పట్టుకోని ఏడ్చినాడు. మీరు నోరు చూసి కనుక్కుంటారు గదా మేడమ్. కనుక్కొని చెప్పండి, అదే చెప్తా. అదొక్కటి నా గొంతులో ఉండనీండి.”

కనుక్కోవచ్చు. ఓపిగ్గా ఒక పూట కూర్చుంటే కనుక్కునేదాన్నే. కానీ రీళ్ళు మర్నాడు మద్రాసు వెళ్ళాలి. వారం రోజులుగా నా తల ప్రాణం తోకకొచ్చి ఉంది. పైగా అప్పటికి పది సీన్లలో బస్‌స్టాపులు పట్టుకున్న మనిషిని, పెదాలు ‘మా’ అంటే నాకు మార్కెట్టే కనపడింది. చివర్లో ‘ప’ లాంటిది వస్తే హోప్ ఫారమ్ స్టాపు అనుకున్నాను. మూతులు చూసి మాట పట్టడంలో ఉన్న చిక్కే అది, వెతికేవాళ్ళకు వాళ్ళు వెతికిందే దొరుకుతుంది. అరగంట చూసి, “ఇదీ బస్సే నాయనా, నీకు గుర్తు లేదంతే” అని చెప్పి పెన్సిలు తీశాను.

రాసింది ఇది: “లేదమ్మా, నీకిక శ్రమ. జన్మంతా నీదే. నిదురపో.”

ఒక్క పెదం తప్పలేదు. నేను నా జీవితంలో రాసిన అతి చక్కటి లైను అదే. అతను దాన్ని నాలుగుసార్లు చెప్పాడు. నాలుగుసార్లూ అప్పజెప్పినట్టే చెప్పాడు.

సాయంత్రం దర్శకుడూ నిర్మాతా వచ్చారు. అంతా విన్నాక దర్శకుడు, “మీరే చెప్పండి మేడమ్. ఇన్నేళ్ళ అనుభవం మీది. ఉంచుదామా, మారుద్దామా? మీ మాటే ఫైనల్” అన్నాడు. ఆ మనిషి తప్పుకుని నా మీద పెట్టాడని అప్పుడు నాకు కోపం రాలేదు, ఇప్పుడు తలుచుకుంటే వస్తుంది. ఇంజనీరు నా వైపే చూస్తున్నాడు. గాజు తలుపుకు అవతల గాయకుడు బూట్లు వేసుకుంటూ, మా మూతుల్ని చూస్తున్నాడు. “ఉంచండి, అతని పద్ధతిలోనే చెప్పనివ్వండి, అన్నయ్యను బెంగళూరు వాణ్ణి చేసేస్తే పోయే” అని ఒక్క మాట అనుంటే సరిపోయేది. కథలో ఎటూ అతను ఇల్లు వదిలి ఈ ఊరికే వస్తాడు. ఆ ఆలోచన నాకు పదిహేను రోజుల తర్వాత ఇంట్లో చారు పోపు పెడుతుంటే వచ్చింది. ఆ సాయంత్రం మాత్రం మద్రాసులో గొల్లుమన్న నవ్వే నా చెవుల్లో ఉంది.

“మారుద్దాం,” అన్నాను.

మద్రాసు ఆర్టిస్టు ఒక్క పూటలో పనంతా పూర్తి చేశాడు. గంభీరమైన గొంతు, ముత్యాల్లాంటి ఉచ్చారణ, నా పెదాల లెక్క ఎక్కడా తప్పలేదు. ఆసుపత్రి సీను చూసి ఎడిటింగ్ గదిలో నిర్మాత కళ్ళు తుడుచుకున్నాడు. “ఆ ‘నిదురపో’ ఎవరు రాశారు?” అని అడిగి మరీ నన్ను మెచ్చుకున్నాడు. నేను మురిసిపోయాను, దాచుకోవడం ఎందుకు.

ఆ గాయకుడికి తర్వాత ఇంకో నాలుగు సినిమాలు వచ్చాయి. అన్నింటికీ ఆ మద్రాసు గొంతే. తెలుగువాళ్ళకు ఆ మొహానికి ఆ గొంతు అలవాటైపోయింది, ఇక మార్చడం కుదరదన్నారు. రెండువేల సంవత్సరం దాటాక అతని బ్యాండు ఒక కాలేజీలో పాడుతుంటే, ముందు వరసల్లోని తెలుగు పిల్లలు “డైలాగ్! డైలాగ్!” అని అరిచారట. అతను మైకులో ‘నిదురపో’ లైను చెప్పాడట. వాళ్ళు ఈలలు వేసి, ఇది అసలు గొంతు కాదు, ఎవరినో అనుకరిస్తున్నాడు అని గోల చేశారట. ఇది నాకు అతనే ఫోన్ చేసి చెప్పాడు, నవ్వుతూనే.

అది తర్వాతి సంగతి. మొదటి సినిమా విడుదల దగ్గరికి వస్తాను. విడుదల ముందురోజు స్టూడియోకు అతని ఫోను.

“మేడమ్, అమ్మ రేపు మ్యాట్నీకి పోతుంది. లీవ్ పెట్టింది. నేను ఇంకా చెప్పలేదు.”

“ఏం చెప్పలేదు?”

“గొంతు నాది కాదని. నాకు నోరు రావట్లే మేడమ్. మీరు పోండి ఆయమ్మతో. వద్దన్నది మీరే గదా, మీరే చెప్పండి.”

ఇదెక్కడి న్యాయమప్పా అని కసురుకోబోయి ఆగిపోయాను. న్యాయం కాక ఇంకేమిటది?

థియేటర్ మెట్ల దగ్గర ఆమె నాకంటే ముందే వచ్చి నిలబడి ఉంది. ఏభై అయిదేళ్ళుంటాయి. ఇస్త్రీ చేసిన నీలం చీర, మెడలో సన్నటి సిలువ గొలుసు. నన్ను చూడగానే రెండు చేతులూ పట్టుకుంది. “మావానికి మాట నేర్పిన మేడమ్ మీరేనా? ఎంత పుణ్యం మ్మా మీకు.” ఆ క్షణంలోనే చెప్పేయాల్సింది. టికెట్లు చూపించాలి, సీట్లు వెతకాలి, ఫ్యాను కింద కూర్చోవాలి అంటూ వాయిదా వేశాను. దీపాలు ఆరిపోయాయి.

తెర మీద అన్నయ్య వచ్చాడు. “నాన్నా, నేను వెళ్తున్నాను.”

ఆమె నా వైపు తిరిగింది. “ఇది నా కొడుకు గొంతు కాదే.”

“కాదమ్మా,” అన్నాను. “వేరేవాళ్ళ చేత చెప్పించారు.” ‘చెప్పించారు’ అన్నాను. ‘చెప్పించాను’ అనాల్సినచోట.

ఆమె మళ్ళీ తెర వైపు తిరిగి, కాస్త ముందుకు వంగి కూర్చుంది. రెండు సీన్లు గడిచాయి. తండ్రి మీద అన్నయ్య తిరగబడి, గుండెలు పగిలేలా అరుస్తున్నాడు. హాలంతా నిశ్శబ్దం. నా పక్క సీట్లోంచి కిసుక్కుమని నవ్వు వినపడింది.

“ఏంటమ్మా?”

ఆమె కొంగు నోటికడ్డం పెట్టుకుంది. “బెన్నిగానహళ్ళి అంటాండాడు మ్మా, బేకూఫ్‌గాడు.”

నేను ఆమె వైపు తిరిగాను. “మీకెలా తెలుసు?”

“నోరు కనిపిస్తాంది గదా. మా వార్డులో అంతా గొంతాపరేషన్ అయినోళ్ళే మ్మా. గొంతులో గొట్టం పెట్టింటారు, మాట రాదు. నోరు చూసే నీళ్ళు కావల్లనా, నొప్పుండాదా అని తెలుసుకోవల్ల. ఇరవై రెండేండ్లు అదే నా పని.” మళ్ళీ తెర వైపు చూసి నవ్వింది. “ఇదో, ఇప్పుడు మహదేవపుర.”

తర్వాత గంటన్నర సేపు జనమంతా ఏడ్చినచోటల్లా ఆమె నవ్వింది. ముందు వరసలోని పెద్దాయన వెనక్కి తిరిగి రెండుసార్లు ఉరిమి చూశాడు. నాకూ నవ్వొచ్చింది. నేను దాచిపెట్టిన మాటల్ని ఒక మనిషి ఒక్కొక్కటిగా పైకి తీస్తుంటే, ఎన్నో రోజుల తర్వాత భుజాలు తేలికపడ్డాయి. ఇద్దరం పిల్లల్లా కొంగులు కుక్కుకుని నవ్వుకున్నాం. ఆసుపత్రి సీను వచ్చేదాకా.

అన్నయ్య మంచం పక్కన వంగాడు. మద్రాసు గొంతు హాలంతా నిండింది: “లేదమ్మా, నీకిక శ్రమ. జన్మంతా నీదే. నిదురపో.” చుట్టూ ముక్కులు ఎగబీల్చడం వినపడింది. ఆమె మాత్రం నవ్వలేదు. కాసేపటికి నేనే ఉండబట్టలేక అడిగాను.

“ఇక్కడ ఏ స్టాపమ్మా?”

“స్టాప్ కాదు మ్మా.” ఆమె గొంతు చాలా నెమ్మదిగా ఉంది. “‘లెయ్ మా. డ్యూటీకి టైమాయ. అన్నం ఉండాది. తినేసి పో.’ అంటాండాడు. నైట్ డ్యూటీ దినాల్లో పగలంతా పండుకోనుంటా గదా. సాయంత్రం ఇస్కూల్ నుంచి వచ్చి వాడే లేపుతాండె. ఇప్పటికీ అదే మాట.”

నేను పెదాల్ని లెక్కపెట్టుకున్నాను. మా, మా, అన్నం దగ్గర ఒకటి, పో. ఒక్కటీ తప్పలేదు. లేవమని అతను పిలిస్తే, నేను ఆమెను నిద్రపొమ్మన్నాను. అందుకే నన్ను అందరూ మెచ్చుకున్నారు.

దీపాలు వెలిగాక చెప్పేశాను. “గొంతు మార్చమన్నది నేనేనమ్మా. మాట శుద్ధంగా లేదని.”

ఆమె మొహంలో కోపం లేదు. నిజంగానే అర్థంకాక అడిగింది. “దినామూ ఇంట్లో మాట్లాడే మాటే గదా మ్మా. దాంట్లో ఏం మురికుండాది?”

ఇరవై ఏళ్ళుగా శుభ్రం చేసుకున్న నోరు నాది, ఆ పూట ఒక్క మాటకూ పనికిరాలేదు.

మర్నాడు స్టూడియోకు వెళ్ళి, అతను చెప్పిన ట్రాకులేమైనా ఉన్నాయేమో చూడమని ఇంజనీరును అడిగాను. ఆ టేపుల మీద అప్పటికే వేరే సినిమా ఎక్కేసింది. అప్పట్లో మేం టేపులు వృథా చేసేవాళ్ళం కాదు.

ఆ సినిమా మా ఊళ్ళో ఒక్క వారమే ఆడింది. చివరిరోజు మ్యాట్నీకి నేనొక్కదాన్నే వెళ్ళాను. నేను తప్పుగా చదివిన ఆ పెదాల్ని ఇంకోసారి, ఈసారి సరిగ్గా చూడాలని. సగానికి పైగా సీట్లు ఖాళీ. మా పాత వరసలోనే, అదే సీట్లో ఆమె కూర్చుని ఉంది. ఈసారి తెల్లచీర, డ్యూటీకి వెళ్ళే యూనిఫారం. టికెట్లు చింపే ఆయన నాతో, “ఈయమ్మ దినామూ వస్తాది మేడమ్, ఆ ఆసుపత్రి సీను అయిపోతానే లేచి పోతాది” అన్నాడు.

వెళ్ళి పక్కన కూర్చున్నాను. పలకరించాను, పలకలేదు. అప్పుడు చూశాను, రెండు చెవుల్లోనూ నిండుగా దూది పెట్టుకుని ఉంది. భుజం తట్టి, “చెవి నొప్పా అమ్మా?” అన్నాను.

ఆమె నా మూతి చూసి అర్థం చేసుకుంది.

“నొప్పి కాదు మ్మా. ఆ గొంతు అడ్డమొస్తాంది. ఇట్లైతే మావాడే మాట్లాడతాడు.”

చెప్పి మళ్ళీ తెర వైపు తిరిగింది, ఆ సీనుకు ఇంకా పది నిమిషాలుంది.